వంశంలో వచ్చేదంతా రక్తంలో వచ్చేది కాదు

మన భాషలో రెండు సామెతలున్నాయి. "పుట్టుకతో వచ్చిన బుద్ధి పుడకలతో గాని పోదు" అనేది ఒకటి. "ఆవు చేలో మేస్తే దూడ గట్టున మేస్తుందా?" అనేది రెండోది. తండ్రి ఎలాంటివాడో కొడుకూ అలాంటివాడే అని చెప్పవలసి వచ్చినప్పుడు ఈ రెండింటిలో ఏది ముందు నోటికి వస్తే అది అనేస్తాం. కాస్త నిదానించి చూస్తే ఈ రెండూ ఒకటి కావు. గుణం పుట్టుకలోనే ఉందని మొదటి సామెత అంటుంది. తల్లిని చూసి పిల్ల నేర్చుకుంటుందని రెండోది అంటుంది. ఆ దూడను వేరే మందలో తోలితే అది గట్టునే మేయవచ్చు.

ఈ తేడా సామెతల వరకే అయితే పెద్ద చిక్కు లేదు. మొదటి సామెతలోని భావం ప్రభుత్వ చట్టంగా మారితే ఏమవుతుందో చెప్పడం ఈ వ్యాసం ఉద్దేశం. అలా మారిన సందర్భం ఒకటి మన ప్రాంతంలోనే ఉంది.

ముందుగా మీకు బాగా తెలిసిన ఉదాహరణ తీసుకుందాం. హోసూరులోనో, బళ్ళారిలోనో, బరంపురంలోనో, షోలాపూరులోనో పుట్టి పెరిగిన మీకు తెలుగు ఇంటి నుండి వచ్చింది. మీ తాతముత్తాతల నుండి తరం తప్పకుండా వచ్చింది. అయినా అది రక్తంలో రాలేదు. తెలుగు దంపతుల బిడ్డను పుట్టిన వెంటనే ఒడియా కుటుంబం పెంచుకుంటే ఆ బిడ్డ ఒడియానే మాట్లాడుతుంది. భాష నేర్చుకునే శక్తి మనిషికి పుట్టుకతో ఉంటుంది. ఏ భాష నేర్చుకోవాలన్నది మాత్రం పుట్టుకలో ఉండదు. రక్తపు గ్రూపు తల్లిదండ్రుల జన్యువుల నుండి వస్తుంది, భాష వాళ్ళ నోటి నుండి వస్తుంది. రెండూ వంశంలో వచ్చేవే, కాని వచ్చే దారులు వేరు. ఈ రెండు దారులనూ కలిపేయడం వల్లనే చిక్కు మొదలవుతుంది.

1871లో బ్రిటిష్ ప్రభుత్వం నేరస్థ తెగల చట్టం చేసింది. ఈ దేశంలో వడ్రంగి కొడుకు వడ్రంగి అవుతాడు, సాలె కొడుకు సాలె అవుతాడు, కాబట్టి దొంగతనమే కులవృత్తిగా ఉన్న జాతులు కూడా ఉండి తీరాలని ఆనాటి అధికారులు తర్కించారు. తేదీలను గమనించండి. బఠాణీ మొక్కల మీద మెండెల్ చేసిన పరిశోధన 1866లోనే అచ్చయినా 1900 దాకా దాన్ని పట్టించుకున్నవారు దాదాపు లేరు. అంటే జన్యుశాస్త్రం పుట్టక ముందే ఈ చట్టం పుట్టింది. కులం గురించి అధికారులు ఏర్పరచుకున్న అభిప్రాయమే దానికి ఆధారం. తరువాత శాస్త్రం పేరు దానికి తోడైంది. ప్రతిభ వంశంలో వస్తుందని గాల్టన్ 1869లో రాశాడు. నేరస్థుడు పుట్టుకతోనే నేరస్థుడని లొంబ్రోసో 1876లో రాశాడు. ఈ ధోరణి మన దేశానికే పరిమితం కాలేదు. 'పనికిరాని వంశం' అని ముద్ర వేసి మనుషులకు బలవంతంగా సంతాన నిరోధక శస్త్రచికిత్స చేసే చట్టాన్ని 1927లో అమెరికా సుప్రీంకోర్టు సమర్థించింది. 1933లో జర్మనీలో నాజీలు అలాంటి చట్టమే చేశారు.

మొదట ఉత్తరాదిలో అమలైన ఈ చట్టం 1911లో సవరణ పొంది మద్రాసు రాజధానికీ వచ్చింది. దాని కింద నమోదైన వారిలో ఎరుకల వారు ముఖ్యులు. పేరు నమోదైన మనిషి వేలిముద్రలు ఇవ్వాలి, పోలీసుల ఎదుట హాజరు వేయించుకోవాలి, అనుమతి లేకుండా ఊరు దాటకూడదు. అతను దొంగతనం చేశాడా లేదా అన్నది ప్రశ్న కాదు. ఎవరికి పుట్టాడన్నదే ప్రశ్న. 1910ల దశాబ్దంలో అప్పటి గుంటూరు జిల్లాలో సాల్వేషన్ ఆర్మీ ఆధ్వర్యంలో స్టూవర్టుపురం సెటిల్మెంటు ఏర్పడింది. నెల్లూరు జిల్లా కావలిలో మరొకటి వచ్చింది. పిల్లలను తల్లిదండ్రుల నుండి విడదీసి పెంచే అధికారం కూడా చట్టంలో ఉంది. ఇక్కడొక వైరుధ్యం ఉంది. నేరం రక్తంలోనే ఉంటే బిడ్డను వేరుగా పెంచి ప్రయోజనం లేదు. వేరుగా పెంచితే పోయేదైతే అది రక్తంలో ఉన్నది కాదు. తాము చేసిన చట్టంలోని ఈ పొంతన లేనితనం పాలకులకు పట్టలేదు.

ఇంతకూ ఎరుకల వారు చేస్తూ వచ్చిన పనులేమిటి? దీనికి భాషే సాక్ష్యం చెబుతుంది. ఉప్పు ఎరుకల, కరివేపాకు ఎరుకల, దబ్బ ఎరుకల అని వారిలో శాఖలున్నాయి. మొదటివారు కోస్తా నుండి ఉప్పును గాడిదల మీద, ఎద్దుల మీద లోపలి జిల్లాలకు చేరవేసేవారు. రెండోవారు కరివేపాకు అమ్మేవారు. మూడోవారు వెదురు దబ్బలతో బుట్టలు, తట్టలు అల్లేవారు. ఉప్పు మీద ప్రభుత్వ గుత్తాధిపత్యం, ఆ తరువాత వచ్చిన రైళ్ళు ఆ వర్తకాన్ని దెబ్బతీశాయి. 1882 మద్రాసు అటవీ చట్టంతో, అంతవరకూ అనుభవిస్తూ వచ్చిన అడవి సంపదకు ఆంక్షలు వచ్చాయి. నిన్న వాడుక అయిన పని నేడు నేరమైంది. మనిషి అతనే, రక్తం అదే, మారింది చట్టం. ఈ చరిత్రను మీనా రాధాకృష్ణ 2001లో ప్రచురించిన తన ఆంగ్ల గ్రంథంలో వివరంగా చర్చించారు.

భాషాశాస్త్ర విద్యార్థిగా నన్ను ఆలోచింపజేసిన విషయం మరొకటి ఉంది. ఎరుకల వారి ఇంటి భాష తెలుగు కాదు; తమిళానికి దగ్గరిది. తమిళనాడులో కొరవర్లు, కర్ణాటకలో కొరచ, కొరమలు, మహారాష్ట్రలో కైకాడీలు వీరికి దగ్గరివారే. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో ఎరుకల వారు షెడ్యూల్డు తెగ. కర్ణాటకలో కొరచ, కొరమలు షెడ్యూల్డు కులం. మహారాష్ట్రలో కైకాడీలు విదర్భ జిల్లాల్లో షెడ్యూల్డు కులం, మిగిలిన చోట్ల విముక్త జాతి. రాష్ట్రం సరిహద్దు దాటితే రక్తం మారదు గదా! ఈ గీతలు గీసింది పరిపాలనే గాని ప్రకృతి కాదు. కైకాడీ కుటుంబంలో పుట్టిన లక్ష్మణ్ మానే మరాఠీలో రాసిన 'ఉపరా' అనే ఆత్మకథకు 1981లో సాహిత్య అకాడమీ బహుమతి వచ్చింది. మరాఠీ చదవగలిగిన మన విద్యార్థులు దాన్ని చదవాలి.

మద్రాసులో ఈ చట్టం 1947లో రద్దయింది. దేశమంతటా 1952 ఆగస్టు 31న రద్దయింది. ఆనాటి నుండి వీరిని విముక్త జాతులంటున్నాం. 1970లలో హేమలతా లవణం, లవణం దంపతులు స్టూవర్టుపురంలో పనిచేసి అనేక కుటుంబాలకు అండగా నిలిచారు. అయినా చట్టం పోయినంత తేలికగా మాట పోలేదు. 1991లో ఒకసారి, 2023లో మరోసారి ఆ ఊరి పేరును దొంగతనంతో ముడిపెట్టి మన సినిమాలు వచ్చాయి. జైళ్ళ నియమావళుల్లో విముక్త జాతులను అలవాటు పడిన నేరస్థులుగా చూసే నిబంధనలు రాజ్యాంగ విరుద్ధమని సుప్రీంకోర్టు 2024 అక్టోబరు 3న చెప్పవలసి వచ్చింది. చట్టం రద్దయి అప్పటికి 72 ఏళ్ళు.

మరి నేటి జన్యుశాస్త్రం ఏమంటోంది? సికిల్ సెల్ వంటి జబ్బులు ఒక్క జన్యువులోని మార్పుతో వస్తాయి. వాటి లెక్క స్పష్టం. మనిషి ప్రవర్తన అలాంటిది కాదు. అందులో ఎన్నో జన్యువులకు తలా కొద్దిపాటి పాత్ర ఉంటుంది. పెంపకం, చదువు, ఆకలి, అవకాశం వాటితో పెనవేసుకుని ఉంటాయి. జన్యువు తయారు చేయించేది ప్రోటీనును. అది తాళం పగలగొట్టడం నేర్పదు. అనువంశికత అబద్ధమని నేననడం లేదు. ఏది ఏ దారిలో వచ్చిందో విచారించకుండా తీర్పు చెప్పడం తప్పంటున్నాను.

మీ తరగతిలో, మీ హాస్టలులో ఎవరి గురించైనా "వాళ్ళ రక్తమే అంత" అన్న మాట వినబడితే ఒక్క ప్రశ్న వేయండి: ఇది జన్యువులో వచ్చిందా, ఇంట్లో నేర్చుకున్నదా, లేక బయటివాళ్ళు అంటించిన పేరా? పరాయి రాష్ట్రంలో ఉంటూ "తెలుగువాళ్ళంతా ఇంతే" అన్న మాటను ఎప్పుడో ఒకప్పుడు విన్న మీకు ఈ ప్రశ్న విలువ తెలుసు.