ఆవిరిలో పుట్టి ఆవిరి తాగే మూత

ఒక్క మనిషి సులువుగా మడిచి తీసే హాట్ టబ్ మూత, కొన్నేళ్లకు ఇద్దరు పట్టినా లేవనంత బరువెక్కుతుంది. వాన నీళ్లు దిగాయని ఆకాశాన్ని తిడతారు గానీ, ఆ తడిలో చాలా భాగం కింద నుంచే ఎక్కుతుంది.

1960లు, 70లలో కాలిఫోర్నియా కుర్రకారు పాత వైన్ పీపాల్లో వేడినీళ్లు నింపుకుని కూర్చునేవారు. హాట్ టబ్ మోజు అలా పాకింది. కిలో నీరు ఆవిరైతే దాదాపు 2,400 కిలోజౌళ్ల వేడి దాంతోపాటే పోతుంది. మూత అవసరం అక్కడే వచ్చింది. వినైల్ తొడుగు విప్పి చూస్తే లోపల ఉండేది మన పెళ్లి మంటపాల మీద పేర్లు చెక్కే థర్మకోలే. 1950 ప్రాంతంలో జర్మనీలోని బీఏఎస్ఎఫ్ సంస్థలో ఫ్రిట్జ్ స్టాస్ట్నీ దీన్ని రూపొందించాడు. పెంటేన్ పట్టించిన పాలిస్టైరీన్ గింజలకు నీటి ఆవిరి తగిలితే పేలాల్లా పొంగుతాయి, దాదాపు 40 రెట్లు. అచ్చులో పోసి మళ్లీ ఆవిరి పడితే ఒకదానికొకటి అంటుకుని దిమ్మ అవుతాయి. అందులో 98 శాతం గాలే.

ఆవిరి చేసిన దిమ్మను ఆవిరే చెడగొడుతుంది. గింజలోకి నీరు సులువుగా పోదు. గింజకూ గింజకూ మధ్య మాత్రం సందులుంటాయి. టబ్బులో నీరు 40 డిగ్రీలు, చలికాలంలో మూత పైభాగం సున్నా దగ్గర. కింద ఆవిరి పీడనం పైదానికి 12 రెట్లు. ఆ తోపుకు ఆవిరి సందుల్లోంచి పాకి, చల్లని చోట నీరై నిలుస్తుంది. అడ్డుకునేది దిమ్మకు చుట్టిన పాలిథిన్ పొర. క్లోరిన్, వేడి కలిసి ఏళ్ల మీద దాన్ని పెళుసు చేస్తాయి. విడ్డూరమేమంటే, ఒకసారి చిరిగాక లోపల చేరిన నీటిని బయటికి పోకుండా పట్టి ఉంచేదీ ఆ పొరే. గాలికంటే నీరు 20 రెట్లకు పైగా వేడిని దాటిస్తుంది కాబట్టి కరెంటు బిల్లూ పెరుగుతుంది.

ఆరబెట్టాలంటే జిప్పు తీసి దిమ్మలు బయటికి లాగి, పాలిథిన్ పూర్తిగా ఒలిచేయాలి. గాలి ఆడేచోట నిలువుగా నిలబెట్టి, మధ్యమధ్య తలకిందులు చేస్తూ వారాల తరబడి ఓపిక పట్టాలి. హీట్ గన్ పెడితే థర్మకోల్ మెత్తబడి కుంగిపోతుంది. కాటా మీద బరువు తగ్గడం ఆగిందా, ఆరినట్టే. తర్వాత కొత్త పాలిథిన్ చుట్టి అతుకులు గట్టిగా మూయాలి. ఇది మానేస్తే పడ్డ పాటంతా వచ్చే చలికాలానికే నీళ్లపాలు. నడుం వంగిన దిమ్మకు ఇంత సేవ దండగ, కొత్తది కొనడమే మేలు.

క్లోరిన్ మోతాదు పెంచిన రోజు మూత కాసేపు తెరిచి ఉంచాలి. తొడుగును పెట్రోలుతో తుడవకూడదు. అది లోపలికి దిగితే థర్మకోల్‌నే కరిగిస్తుంది. తొడుగు అడుగున చిన్న కన్నాలు కనిపిస్తే చిరుగులనుకుని టేపు అంటించకండి. కారిన నీరు పోయేది వాటిలోంచే.