గడియకుడుక: ఎందుకు? ఎలా?

చేతిగడియారములు లేనినాఁడు పెండ్లిపందిటిలో జీలకఱ్ఱబెల్లము పెట్టు క్షణమును పురోహితుఁ డెట్లు గుర్తించెడివాఁడు? గడియకుడుకతో. అడుగున సన్నని రంధ్రముగల రాగిగిన్నెను సూర్యోదయముననే నీటిపై విడిచెడివారు; అది నిండి మునిఁగినచో నొక గడియ, అనఁగా 24 నిమిషములు; అట్టి 60 గడియలు ఒక దినము. రంధ్రమును పాత్ర బరువును మారవు గనుక, మునుఁగుటకుఁ బట్టు కాలము ప్రతిమాఱు నొక్కటియే. ఇంత నిరాడంబరమైన గణితము నాకెంతయుఁ బ్రియము.

సూర్యోదయమునుండియే యేల లెక్కింపవలెను? భారత కాలమానము 82.5 డిగ్రీల తూర్పు రేఖాంశమును బట్టి నడచును; ఉదాహరణకు నారాయణపేట యను నూరు 77.5 డిగ్రీల చెంతనున్నది. భూమి యొక డిగ్రీ తిరుగుటకు 4 నిమిషములు పట్టును గావున, అచ్చటి సూర్యుఁడు సగటున 20 నిమిషములు ఆలస్యముగా నడినెత్తి కెక్కును. గోడగడియారము చూపని యీ భేదము, ఊరిపొద్దుతోనే మొదలగు కుడుకలెక్కలోఁ దనంతటఁ గలిసియుండెడిది.