అమ్మవారి కొండకి పది నిమిషాలు

నేపాల్లో గోర్ఖా జిల్లా కొండమీద మనకామన అమ్మవారి గుడి ఉంది. మనసులో కోరిక తీర్చే తల్లి అని పేరులోనే ఉంది చూడండి! ఒకప్పుడు భక్తులంతా కాలినడకనే ఎక్కేవారు. 1998లో రోప్‌వే వచ్చాక పది నిమిషాల్లో పైకి చేరిపోతున్నారు.

ఆ పది నిమిషాల్నే స్టెఫనీ స్ప్రే, పాచో వెలెజ్ కలిసి డాక్యుమెంటరీగా తీశారు. 2013లో వచ్చిన ఆ 'మనకామన'లో ఉన్నవల్లా పదకొండు ప్రయాణాలు. ఎదుటి సీటు దగ్గర కదలని కెమెరా. వెలెజ్ దాన్ని చూసుకుంటే, స్ప్రే మాటలూ చప్పుళ్లూ రికార్డు చేశారు. ఫిల్ము రీలు ఒకటి అయ్యేసరికి ప్రయాణమూ అయిపోతుంది. వ్యాఖ్యానం లేదు.

"ఇందులో చూడ్డానికేముంది?" అంటారేమో. మొదట్లో ఓపిక కావాలి, నిజమే. ఒక పెద్దాయన, ఒక పిల్లవాడు ఎక్కుతారు. ఒక్క మాటైనా మాట్లాడుకోరు. పోనుపోను మనమే ఆ పెట్టెలో కూర్చున్నట్టుంటుంది. మొక్కు కోసం కోడిపుంజుని పట్టుకెళ్లే దంపతులు, సారంగి వాయించే ఇద్దరు. ఐస్‌క్రీం కరిగి చేతులమీద కారిపోతుంటే నవ్వాపుకోలేని ఇద్దరాడవాళ్లు. ఆ నవ్వుకి భాషెందుకు? ఒక తొట్టిలో మనుషులే లేరు, అన్నీ మేకలే! బలికి వెళ్తున్నాయని ఎవరూ చెప్పరు. మనకే తెలిసి గుండె బరువెక్కుతుంది.

నేపాలంటే మంచుకొండలే చూపించేవాళ్లు బోలెడుమంది. స్ప్రే ఏళ్ల తరబడి అక్కడి ఊళ్లలో మసలి, సారంగి వాయించే గంధర్వ కుటుంబాల రోజువారీ బతుకును అంతకుముందే చిత్రించారు. ఈ ప్రయాణికుల్లో చాలామంది ఆవిడ ఎరిగినవాళ్లే. కెమెరా ఎదురుగా ఉన్నా అంత బిడియపడకపోవడం అందుకేనేమో! ముగ్గురు ముసలమ్మలైతే కిటికీలోంచి కిందికి చూస్తూ, వెనకటి రోజుల కబుర్లలో పడిపోతారు.