మారిన గతము, మారని శీలము

1938లో అమెరికాలో ‘యాక్షన్ కామిక్స్’ తొలి సంచికలో సూపర్‌మ్యాన్ అవతరించినాడు. రచన జెర్రీ సీగెల్, చిత్రములు జో షూస్టర్. ఆనాడు అతనికి ఎగురుట రాదు. ఒక్క గంతున మైలులో ఎనిమిదవ వంతు దూకగలవాడు. ఆకాశగమనము పిమ్మట అబ్బినది.

రచయితలు మారిన కొలది కథలో పొసగని సంగతులు పేరుకొన్నవి. 1961లో ఒక ‘ఫ్లాష్’ కథ పాతవీరులకొక భూమిని, కొత్తవీరులకొక భూమిని కల్పించి చిక్కు విప్పినది. భూములు పెరిగి అదియే కొత్త చిక్కు కాగా, 1985–86లో ప్రళయకథతో వానిని ఒక్కటి చేసినారు. 1986లో జాన్ బర్న్ సూపర్‌మ్యాన్ కథను మొదటినుండి తిరిగి చెప్పగా, వెనుక మరణించిన పెంపుడు తల్లిదండ్రులు సజీవులైనారు. అర్ధశతాబ్దము పాఠకులు నమ్మిన గతము రద్దయినది. 2011 నాటి కొత్త కథలో వారు మరల గతించినారు.

అయినను పాఠకుడు అతనిని పోల్చుకొనుచునే యున్నాడు. బలము బలహీనుని రక్షణకే అన్న తొలినాటి శీలమే అతని ఆనవాలు.