కడలి అడుగున పుట్టిన కొండలు

అలాస్కా ఉత్తరాన, ఆర్కిటిక్ వలయానికి అవతల, పడమటి నుంచి తూర్పుకు అడ్డంగా పరుచుకున్న కొండల వరుస బ్రూక్స్ పర్వతశ్రేణి. కెనడాలోని యూకాన్ దాకా సాగే దీని పొడవు సుమారు 1,100 కిలోమీటర్లు. నడివేసవిలో ఇక్కడ పొద్దు గుంకదు. నడిశీతాకాలంలో పొద్దు పొడవదు. అన్నిటికన్నా ఎత్తయిన ఇస్టో శిఖరం 2,736 మీటర్లే. హిమాలయాల పక్కన మరుగుజ్జే అయినా, అడవికీ మంచు మైదానానికీ పొలిమేర గీసింది ఈ కొండలే.

దక్షిణపు వాలున స్ప్రూస్ చెట్లు లోయల వెంట పైకి పాకుతూ వచ్చి ఒకచోట ఆగిపోతాయి. కనుమ దాటి ఉత్తరానికి దిగితే సముద్రం దాకా టండ్రాయే: నాచు, గడ్డి, పొట్టి పొదలు. ఆ దారినే కారిబూ జింకల మందలు ఏటా వలసపోతాయి. వాటి వేట మీద బతికిన నునమియుట్ ప్రజల ఊరు అనక్టువుక్ కనుమలో నేటికీ ఉంది.

ఇక్కడి బూడిదరంగు సున్నపురాళ్లలో పగడాలు, కడలి లిల్లీల కాడలు శిలాజాలై కనిపిస్తాయి. 30 కోట్ల ఏళ్లకు పూర్వం ఇదంతా లోతు తక్కువ సముద్రం. డైనోసార్ల కాలంలో భూఫలకాల ఒత్తిడికి ఆ కడలి పొరలు విరిగి, ఇంటికప్పు మీది పెంకుల్లా ఒకదాని మీదికొకటి ఎక్కి ఉత్తరానికి జరిగాయి. తరవాత హిమానీనదాలు లోయలను తొలిచాయి, అరిగెచ్ గ్రానైట్ శిఖరాలను కత్తుల్లా చెక్కాయి.

కొండ లేస్తున్నకొద్దీ అరిగింది. ఆ ఇసుక, మట్టి ఉత్తరపు పల్లంలో మేటలు వేసి పాత జీవావశేషాల పొరలను లోతుకు నొక్కేశాయి. అక్కడి వేడికి అవి చమురుగా మారాయి. 1968లో ప్రూడో బే దగ్గర బయటపడింది ఆ నిధే. 1977 నుంచి ఆ చమురు 1,287 కిలోమీటర్ల గొట్టంలో, అటిగన్ కనుమ మీదుగా ఇవే కొండలను దాటి దక్షిణ రేవుకు చేరుతోంది.

భూమి నలుమూలలా మండుతున్న ఇలాంటి ఇంధనాల వేడి ఇప్పుడు ఆ కొండలకే తగులుతోంది. వేల ఏళ్లుగా గడ్డకట్టిన నేల కరుగుతోంది. ఇన్నాళ్లూ మంచు మూతకింద ఉన్న గంధక ఖనిజాలకు నీరూ గాలీ సోకి ఆమ్లం పుడుతోంది, ఇనుము కరిగి ఏటిలోకి దిగుతోంది. అడుగు గులకరాళ్లు కనబడేంత తేటగా పారిన ఏర్లు తుప్పురంగుకు తిరిగాయి. 2024లో వెలువడిన అధ్యయనం అలాంటి ప్రవాహాలను 75 దాకా లెక్కగట్టింది. కోబుక్ లోయ జాతీయ వనంలో ఒక ఏరు ఎర్రబారాక అందులో చేపలు కనుమరుగయ్యాయి.

గనుల దగ్గర ఏర్లు ఇలా చెడడం కొత్త కాదు. కానీ ఈ ఏర్లలో చాలావాటి గట్టున గని లేదు, రోడ్డు కూడా లేదు. మనిషి అరుదుగా అడుగు పెట్టే చోటికి సైతం అతని పొగ వేడి చేరుతుందనడానికి ఇంతకన్నా రుజువు అక్కర్లేదు.