బందరుకు తూర్పున రెండు ఓడలు

ఈ సంచికకు ఏదైనా వ్రాసిమ్మని యూనియన్ కుర్రవాళ్లు వచ్చినప్పుడే ఒక షరతు పెట్టారు. "మాస్టారూ, కాలేజీ రోజుల జ్ఞాపకాలు మాత్రం వద్దండీ, అవి అందరూ వ్రాస్తున్నారు" అన్నారు. సరే, జ్ఞాపకాలు కాకుండా, విద్యార్థిగా ఉన్నప్పుడు నేను చేసిన ఒక తప్పు గురించి వ్రాస్తాను. అందులో రెండు ఓడల చరిత్ర ఉంది.

మా అమ్మగారి పుట్టిల్లు దివిసీమ, నాగాయలంక దగ్గర. మా సీమలో ఏ లెక్క చెప్పినా ఉప్పెనకు ముందు, ఉప్పెనకు తర్వాత అని చెబుతారు. తాతయ్య కూడా అంతే. "ఉప్పెనకి ముప్పై అయిదేళ్ల ముందు, ఎండాకాలం, కాలవలు కట్టేసిన రోజులు. ఇంటికప్పుకి రెల్లు కోసుకొద్దామని పొద్దున్నే బయల్దేరాం. మబ్బు తునక లేదు. తూర్పున సముద్రం మీద ఉరుములురా అబ్బాయ్! ఆగి ఆగి ఉరిమింది" అనేవాడు. అది జపానువాళ్ల యుద్ధమని ఆయన నమ్మకం.

1983లో నేను డిగ్రీ మొదటి సంవత్సరం, ఫిజిక్సు. ధ్వని పాఠం అప్పుడే అయింది. "తాతయ్యా, కాకినాడ మీద బాంబులు పడ్డాయని తర్వాత ఎవరో చెబితే విని, నీ కథలో కలుపుకున్నావు. చప్పుడు అంత దూరం రాదు" అన్నాను. ఇంటినిండా చుట్టాలు. అందరూ నవ్వారు.

ఇప్పుడు ఓడల సంగతి.

1942 మార్చి 8న రంగూన్ పడిపోయింది. 23న అండమాన్ దీవులు జపాను వశమయ్యాయి. బర్మా వైపు నుంచి తప్పించుకు వచ్చినవీ, సరుకు ఎక్కించుకోవలసినవీ కలిసి కలకత్తా రేవులో సరుకు ఓడలు కిక్కిరిసిపోయాయి. ఒక్క విమానదాడి జరిగితే అన్నీ ఒకేచోట తగలబడతాయన్న భయంతో వాటిని బయటికి పంపడం మొదలుపెట్టారు. తోడు యుద్ధనౌకలు లేవు. బ్రిటిష్ తూర్పు నౌకాదళం ఉన్నదంతా సింహళానికి ఆవలి వైపు ఉంది. కాబట్టి ఓడలు ఒంటరిగానో, రెండూ మూడూ కలిసో మన తూర్పు తీరం వెంబడి దక్షిణానికి దిగాయి.

వీటిని మిలిటరీ ఓడలనాలా, వర్తక ఓడలనాలా అంటే రెండూ నిజమే. ఓడ కంపెనీది, నావికులు కంపెనీ జీతగాళ్లు. కాని యుద్ధం వచ్చాక ఏ ఓడ ఏ సరుకుతో ఏ రేవుకు పోవాలో నిర్ణయించేది ప్రభుత్వం. 1941 నుంచి దానికి లండన్‌లో యుద్ధ రవాణా మంత్రిత్వశాఖ అని ప్రత్యేకంగా ఒక శాఖే ఉండేది. ఓడ వెనక భాగాన ఒక ఫిరంగి బిగించేవారు. జలాంతర్గామిని బెదిరించడానికి అది చాలు. క్రూయిజరు ముందు అది దీపావళి తుపాకీ.

డార్డనస్ బ్లూ ఫన్నెల్ వారి ఓడ. లివర్‌పూల్ కంపెనీ. తమ ఓడలన్నిటికీ గ్రీకు పురాణాల పేర్లు పెట్టేవారు. 7,726 గ్రాస్ టన్నులు. (గ్రాస్ టన్ను బరువు కాదు, లోపలి జాగా కొలత. నూరు ఘనపుటడుగులు ఒక టన్ను. ఈ సంగతి నాకూ చాలా కాలం తెలియదు.) రెండోది గండారా, బ్రిటిష్ ఇండియా కంపెనీది, 1919 నాటిది, 5,281 టన్నులు. పేరు వింటే మనకు గాంధారి పుట్టిల్లు గుర్తొస్తుంది. 1942 నాటికి అది ఇరవై మూడేళ్ల పాత ఓడ.

ఏప్రిల్ 5, ఈస్టరు ఆదివారం. నగుమో విమానాలు కొలంబో మీద పడ్డాయి. అదే సమయానికి ఒజావా అనే మరో అడ్మిరల్ ర్యూజో అనే విమానవాహక నౌకతో, క్రూయిజర్లతో బంగాళాఖాతంలోకి వచ్చి ఉన్నాడు. ఆ రోజే డార్డనస్ మీద విమానాల బాంబులు పడ్డాయి. ఓడ మునగలేదు కాని తన శక్తితో తాను కదలలేకపోయింది.

గండారా దానిని లాగడానికి పూనుకుంది.

ఈ మాట నేను పుస్తకంలో చదివి దాటిపోయాను. తర్వాత వెనక్కి వచ్చి మళ్లీ చదివాను. ఓడను ఓడ లాగడమంటే ఏమిటో మన ప్రాంతంవాళ్లకు తేలిగ్గానే అర్థమవుతుంది. కృష్ణా కాలవల్లో పడవలు నడిచిన రోజుల్లో గట్టు మీద మనుషులు నడుస్తూ తాడుతో పడవను లాగేవారు. తాడు ఒక్కసారి బిగిస్తే తెగుతుంది, లేకపోతే మనిషి పడతాడు. సముద్రంలోనూ అదే సూత్రం. అందుకే బరువైన ఉక్కు మోకును, ఒక్కోసారి లంగరు గొలుసును కూడా దానికి కలిపి, నీటిలోకి వేలాడేలా వదులుతారు. కెరటానికి రెండు ఓడలూ దూరమైనప్పుడు ఆ వేలాటం కొంత సాగి, ఊపును మింగుతుంది. నెమ్మదిగా పోవాలి. గంటకు నాలుగైదు నాటికల్ మైళ్లంటే గొప్ప. శత్రువు ఉన్నాడని తెలిసిన సముద్రంలో, తోడు లేని పాత ఓడ, తనకన్నా పెద్ద ఓడను తగిలించుకుని ఎడ్లబండి నడకన సాగిందన్నమాట. ఒంటరిగా పోతే తప్పించుకునేదా? అలా అనలేం. ఆ రోజుల్లో ఒంటరిగా పోయినవీ చాలానే మునిగాయి. కాని పరుగెత్తే అవకాశాన్ని వదులుకున్నది మాత్రం గండారాయే.

6వ తేదీ సోమవారం ఒజావా తన క్రూయిజర్లను మూడు దండులుగా చీల్చి తీరం మీదికి వదిలాడు. ర్యూజో విమానాలు విశాఖపట్నం మీద, కాకినాడ మీద బాంబులు వేశాయి. దక్షిణపు దండులో మికుమా, మొగామి అనే రెండు క్రూయిజర్లు, అమగిరి అనే డిస్ట్రాయరు. ఒక్కొక్క క్రూయిజరు మీద ఎనిమిదంగుళాల ఫిరంగులు పది. డార్డనస్, గండారా రెండూ ఈ దండు కంటపడ్డాయి. ఫిరంగులతో, టార్పెడోలతో రెంటినీ ముంచారు. ఇండోరా అనే మరో బ్రిటిష్ ఇండియా ఓడ కూడా వీరి చేతిలోనే పోయింది. చోటు సుమారు 16 డిగ్రీల ఉత్తర అక్షాంశం. అట్లాసు తెరిచి ఆ గీత మీద వేలు పెట్టి పడమటికి జరిపితే వేలు మన దివిసీమలో ఆగుతుంది.

మొత్తం మీద ఒజావా దండు ముంచిన ఓడలు 23, టన్నులు 1,12,312. మద్రాసులో ప్రభుత్వ కార్యాలయాలు లోపలి ఊళ్లకు కదిలాయి.

ఆ మూడు యుద్ధనౌకల గతి కూడా చెప్పాలి. రెండు నెలలకు మిడ్‌వే యుద్ధంలో మొగామి, మికుమా ఒకదానినొకటి గుద్దుకున్నాయి. 1942 జూన్ 6న మికుమా మునిగింది. మొగామి 1944 అక్టోబరు దాకా బతికింది. అమగిరి 1943 ఆగస్టు 2 రాత్రి సాలమన్ దీవుల దగ్గర ఒక చిన్న అమెరికన్ టార్పెడో బోటును గుద్ది రెండు ముక్కలు చేసింది. ఆ బోటు కెప్టెన్ పేరు జాన్ కెనడీ. ఆ పడవ మీద పుస్తకాలు వచ్చాయి, సినిమా వచ్చింది. గండారా మీద ఏమీ రాలేదు.

బ్రిటిష్ ఇండియా ఓడల మీద పనిచేసినవాళ్లలో అత్యధికులు మన దేశపు ఖలాసీలు. ఆ యుద్ధంలో పోయిన భారతీయ నావికులు ఆరువేల పైచిలుకు. వారి పేర్లు రాతి మీద చెక్కలేదు. బొంబాయి సీమెన్స్ హోమ్‌లో ఒక పుస్తకంలో వ్రాసి ఉంచారు.

ఇక తాతయ్య ఉరుముల మాట. ఒడ్డున నిలబడినవాడికి దిగంతం మూడు మైళ్లే, కాబట్టి చూడటం అసాధ్యం. చూశానని ఆయన ఎన్నడూ అనలేదు. వినడం వేరు. మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్సులో పేలిన ఫిరంగులు ఇంగ్లీషు ఛానెల్ దాటి ఇంగ్లండులో వినపడ్డాయి. నేల దగ్గర గాలి చల్లగా, పైన వేడిగా ఉంటే ధ్వని పైకి పోకుండా కిందికి వంగుతుంది. తెల్లవారుజామున అలాంటి పొర ఏర్పడుతుంది. నేను చదివిన పాఠంలో తర్వాతి పేజీలోనే ఉంది ఈ విషయం. పరీక్షకు రాదని చదవలేదు.

ఇది రుజువు కాదు. ఆయన విన్నది వేరే ఏదైనా కావచ్చు, తేదీ కూడా కలవకపోవచ్చు. కాని "చప్పుడు అంత దూరం రాదు" అన్న నా మాట తప్పు.

తాతయ్య 1994లో పోయారు. ఆ నవ్వులు విన్న రోజు తర్వాత ఆ ఉరుముల సంగతి ఆయన నా ముందు మళ్లీ ఎత్తలేదు.