మాట మార్చినా మర్యాద మారకూడదు

ఇంగ్లీషు పరీక్షలో ‘ఈ వాక్యాన్ని సొంత మాటల్లో రాయండి’ అనగానే మనలో చాలామందికి భయం. గైడు బట్టీ పట్టినా అక్కడ పనికిరాదు. నేనూ అలా భయపడినవాణ్ణే. అందుకే నాకు తెలిసిన నాలుగు ముక్కలు రాస్తున్నాను.

తొమ్మిదో తరగతిలో ‘మై మదర్ వర్క్స్ ఇన్ ది ఫీల్డ్స్’ అనే వాక్యం ఇచ్చారు. మా అమ్మ కూలికి వెళ్తుంది కదా అని ‘మై మదర్ ఈజ్ ఎ కూలీ’ అని రాశాను. మాస్టారు ఆ మాట కొట్టేసి, పైన ‘ఫార్మ్ వర్కర్’ అని రాశారు. తెలుగులో కూలి అంటే కష్టానికి వచ్చే డబ్బు. అందులో చిన్నతనం లేదు. ఇంగ్లీషులో ‘కూలీ’ అలా కాదు. 1834 నుంచి మారిషస్ వంటి చోట్ల చెరకు తోటలకు ఓడల్లో తరలించిన మన దేశపు కార్మికులను తెల్లవాళ్ళు చులకనగా పిలిచిన పిలుపు అది. పని ఒకటే, మాటలో మర్యాదే వేరు.

కాబట్టి డిక్షనరీలో పక్కపక్కన ఉన్న పర్యాయపదాలన్నీ ఒకటి కావు. ‘బిగ్’, ‘లార్జ్’ రెండూ పెద్దవే. కానీ ‘బిగ్ బ్రదర్’ అంటే అన్నయ్య, ‘లార్జ్ బ్రదర్’ అంటే లావుపాటి సోదరుడు! టీవీని ‘వాచ్’ చేస్తాం, బోర్డు వైపు ‘లుక్’ చేస్తాం.

ఇక సర్వనామాలు. మనం ‘నాన్న వచ్చారు’ అంటాం. ఆ గౌరవం కోసం ఇంగ్లీషులో ‘దే’ అని రాయకండి. అక్కడ ‘హి’ అంటే అమర్యాద కాదు. ‘అమ్మ వచ్చింది’, ‘ఆవు వచ్చింది’ అని మనకు క్రియ ఒకటే అయినా, అమ్మకు ‘షి’ అనే రాయాలి. మన ‘తన’ ఆడ, మగ ఇద్దరికీ సరిపోతుంది. ఇంగ్లీషులో మాత్రం సీత తమ్ముడు ‘హర్ బ్రదర్’ అవుతాడు, ‘హిజ్ బ్రదర్’ కాడు. తమ్ముణ్ణి చూసి కాదు, సీతను చూసి రాయాలి.

‘మై మదర్ టోల్డ్ మై సిస్టర్ దట్ షి వాజ్ టైర్డ్’ అంటే అలసిపోయింది ఎవరు? అమ్మా, చెల్లా? ఇలాంటి చోట సర్వనామం వదిలి, పేరే మళ్ళీ రాయడం మేలు.

రాశాక మూడు ప్రశ్నలు వేసుకోండి. అర్థం అదేనా? మర్యాద తగ్గిందా? ఎవరి గురించో తెలుస్తోందా?

చాలా ఏళ్ళ తర్వాత ఒక ఇంటర్వ్యూలో మా అమ్మగారు ఏం చేస్తారని అడిగారు. ‘షి ఈజ్ ఎ ఫార్మ్ వర్కర్, సార్’ అన్నాను. తల దించుకోకుండా అన్నాను. మీరూ అలాగే అనాలని ఈ అన్నయ్య కోరిక.